శుద్ధి అయిన నీరు సరే, మిగిలిన బురద సంగతి ఏమిటి? – పాఠకుల ప్రశ్నలకు సమాధానాలు

శుద్ధి చేసిన మురుగునీటిని తోటలకు, నిర్మాణ పనులకు వాడుకోవడం గురించి గత సంచికలో రాసిన తరువాత చాలా ఉత్తరాలు వచ్చాయి. వాటిలో ఎక్కువ భాగం నీటి గురించి కాక, ఆ నీటి నుంచి వేరుపడిన బురద గురించి ఉండడం నాకు సంతోషం కలిగించింది. శుద్ధి కేంద్రానికి వచ్చిన అతిథులకు చివరి తొట్టిలోని తేటనీటిని గాజుగ్లాసులో పట్టి చూపించడం ఆనవాయితీ. నేను మాత్రం ఉద్యోగంలో ఉన్నంతకాలం ఏ కేంద్రానికి వెళ్ళినా ముందుగా బురదను పిండే గదికే వెళ్ళేవాడిని, ఎందుకంటే ఆ కేంద్రం నిజంగా పనిచేస్తున్నదా లేదా అన్నది అక్కడే తెలుస్తుంది. వచ్చిన ఉత్తరాలలో కొన్నింటికి ఇక్కడ సమాధానాలు ఇస్తున్నాను.

ప్రశ్న: మురుగునీటిలోని మురికిని సూక్ష్మజీవులు తినివేస్తాయని చదివాను. తినివేస్తే ఇక బురద ఎక్కడి నుంచి వస్తుంది? అది అంత పెద్ద సమస్యా?
– ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు, అంబర్‌పేట

జవాబు: మాస్టారూ, సూక్ష్మజీవులు తింటాయన్నది నిజమే కానీ తిన్నది మాయమైపోదు. పశువు మేసిన గడ్డిలో కొంత శక్తిగా ఖర్చయి, కొంత ఒంటికి పట్టినట్టే, మురుగులో కరిగి ఉన్న సేంద్రియ పదార్థంలో కొంత బొగ్గుపులుసు వాయువుగా గాలిలో కలుస్తుంది, మిగిలినది ఆ సూక్ష్మజీవుల శరీరాలుగా మారుతుంది. అలా పెరిగిన సూక్ష్మజీవుల గుంపులు, వాటికి అంటుకున్న సన్నని మట్టి, పీచు, కొవ్వు కలిసినదే బురద. కేంద్రాలలో పనిచేసేవారు దీనిని స్లడ్జ్ అంటారు, నీరు తీసివేసిన తరువాత కేక్ అంటారు.

పరిమాణం చెబితే సమస్య ఎంతటిదో మీకే అర్థమవుతుంది. పది లక్షల లీటర్ల సాధారణ మురుగును గాలి ఊది శుద్ధి చేస్తే, పూర్తిగా ఎండబెట్టి తూచినప్పుడు సుమారు 200 కిలోల పదార్థం మిగులుతుంది. కానీ అది ఎండిన రూపంలో మనకు ఎప్పుడూ దొరకదు. తొట్టి అడుగు నుంచి తీసినప్పుడు అందులో నూటికి ఒక వంతు మాత్రమే ఘనపదార్థం, తక్కిన 99 వంతులు నీరే, అంటే ఆ 200 కిలోలను మోసుకుపోవడానికి 20 వేల లీటర్ల ద్రవాన్ని మోయాలి. అదే బురదను 20 శాతం ఘనపదార్థం ఉండేటట్టు పిండితే మొత్తం ఒక టన్నుకు దిగివస్తుంది.

ఇప్పుడు మన హైదరాబాదు నగరానికి రండి. ఇదివరకున్న 772 ఎంఎల్‌డీ శుద్ధి సామర్థ్యానికి తోడు, 2021లో 31 కొత్త కేంద్రాలతో 1,259.5 ఎంఎల్‌డీ సామర్థ్యాన్ని చేర్చే పథకాన్ని ప్రభుత్వం మంజూరు చేసింది. ఒక ఎంఎల్‌డీ అంటే రోజుకు పది లక్షల లీటర్లు. కొత్త కేంద్రాలు మాత్రమే పూర్తి భారంతో నడిచినా, పై లెక్క ప్రకారం రోజుకు 250 టన్నుల పొడి పదార్థం వస్తుంది. పిండకపోతే అది 25 వేల టన్నుల ద్రవం. బాగా పిండితే 1,260 టన్నుల కేక్. కాస్త ఏమరుపాటుగా పిండి 20 శాతానికి బదులు 15 శాతం దగ్గర ఆపితే 1,680 టన్నులు. ఆ అయిదు శాతం తేడా పది టన్నుల లారీలతో లెక్కిస్తే రోజుకు 42 లారీల అదనపు నీటి రవాణా. బురద నుంచి నీటిని వేరుచేయడాన్ని శుద్ధికి అనుబంధమైన చిన్న పనిగా చూడడం ఎంత పొరపాటో ఈ ఒక్క లెక్క చెబుతుంది.

ప్రశ్న: బురదలో అంత నీరు ఉన్నప్పుడు బట్టను పిండినట్టు గట్టిగా పిండితే సరిపోదా? పాలిమర్ అనే ఖరీదైన రసాయనం తప్పనిసరిగా కలపాలని మా పాఠంలో ఉంది, కారణం మాత్రం వివరించలేదు.
– ఒక సివిల్ ఇంజనీరింగ్ విద్యార్థిని, తార్నాక

జవాబు: మంచి ప్రశ్న అడిగావమ్మా, ఈ విషయానికి మూలం ఇదే కనుక కొంచెం నిదానంగా చెబుతాను.

బురదలోని నీరంతా ఒకే రకంగా ఉండదు. పెరుగును పలుచని గుడ్డలో మూటగట్టి వేలాడదీస్తే కొంత నీరు దానంతట అదే కారిపోతుంది. బురదలోనూ అలా రేణువుల మధ్య స్వేచ్ఛగా ఉండే నీరు ఉంటుంది, దానిని కేవలం నిలకడగా ఉంచి చిక్కబరచడం ద్వారా తీయవచ్చు. రెండవది గుంపుల లోపలి సందులలో చిక్కుకున్న నీరు, దీనికి ఒత్తిడి కావాలి. మూడవది రేణువుల ఉపరితలాన్ని అంటిపెట్టుకున్న నీరు, నాలుగవది కణాల లోపల ఉన్న నీరు. ఈ చివరి రెండూ మామూలు యంత్రాలకు లొంగవు. వేసవిలో మనం నానబెట్టుకునే సబ్జా గింజలను గుర్తు చేసుకో. గింజ చుట్టూ ఏర్పడిన జిగురు పొర తన బరువుకు ఎన్నో రెట్లు నీటిని పట్టుకుంటుంది, ఆ గింజలను గుడ్డలో వేసి ఎంత పిండినా నీరు రాదు, పైగా గింజలే గుడ్డ కన్నాలలోకి దూరి వాటిని మూసివేస్తాయి. సూక్ష్మజీవులు కూడా తమ చుట్టూ పిండిపదార్థాలు, మాంసకృత్తులతో అటువంటి జిగురునే స్రవించుకుంటాయి. అందువల్లనే శుద్ధి చేయని మురుగు నుంచి మొదటి తొట్టిలో పేరుకునే బురద కన్న, గాలి ఊదే తొట్టిలో పెరిగిన జీవ బురదను పిండడం చాలా కష్టం.

దీనికి తోడు, ఈ రేణువులన్నిటి మీద రుణ విద్యుదావేశం ఉంటుంది కనుక అవి ఒకదానినొకటి నెట్టుకుంటూ విడివిడిగా తేలుతాయి. ధనావేశం గల పొడవైన పాలిమర్ గొలుసులను కలిపినప్పుడు ఆ ఆవేశం తగ్గడమే కాక, ఒకే గొలుసు అనేక రేణువులను దారంతో గుచ్చినట్టు కలుపుతుంది. అప్పుడు విరిగిన పాలలాగా గుంపులు వేరుగా, తేటనీరు వేరుగా కంటికి కనిపిస్తాయి. యంత్రం చేసేది ఆ తరువాతి పని. పాలిమర్ సరిగా కలవని బురదను ఎంత మంచి యంత్రంలో వేసినా ప్రయోజనం ఉండదని నా అనుభవం.

సాధారణంగా ఒక టన్ను పొడి పదార్థానికి 3 నుంచి 8 కిలోల పాలిమర్ పడుతుంది. దానిని ముందుగా నీటిలో వెయ్యింట ఒకటి రెండు పాళ్ళ ద్రావణంగా చేసి, గొలుసులు విచ్చుకోవడానికి అరగంట నుంచి గంట వరకు నెమ్మదిగా కలుపుతూ ఉంచాలి. ఇక్కడ తొందరపడి పొడిని ఒక్కసారిగా కుమ్మరిస్తే ఉండలు కట్టి, డబ్బు ఉండలలోనే ఉండిపోతుంది. మోతాదు ఎక్కువైనా నష్టమే, ఎందుకంటే మిగులు పాలిమర్ జిగురుగా మారి వడపోత గుడ్డను మూసివేస్తుంది, రేణువులకు ధనావేశం ఎక్కువై మళ్ళీ విడిపోతాయి. అందువల్ల రోజూ ఉదయం నాలుగైదు గాజు పాత్రలలో అదే రోజు బురదను తీసుకుని, వేర్వేరు మోతాదులు కలిపి, ఏ పాత్రలో నీరు త్వరగా, తేటగా విడుతున్నదో చూసుకోవాలి. నిన్నటి మోతాదు ఈ రోజుకు సరిపోతుందన్న హామీ లేదు, ఒక పెద్ద వాన కురిసినా బురద స్వభావం మారిపోతుంది.

యంత్రాల విషయానికి వస్తే, బెల్ట్ ప్రెస్‌లో బురద ముందు కదిలే జల్లెడ పట్టీ మీద పరుచుకుని నీరు కార్చుకుంటుంది, తరువాత రెండు పట్టీల మధ్య నలుగుతుంది. దీనికి కరెంటు తక్కువ, పట్టీ కడగడానికి నీరు ఎక్కువ. సెంట్రిఫ్యూజ్ భూమ్యాకర్షణకు వెయ్యి నుంచి మూడు వేల రెట్ల బలంతో బురదను గిరగిర తిప్పి గట్టి భాగాన్ని గోడకు చేరవేస్తుంది, మూసి ఉండడం వల్ల వాసన తక్కువ, కరెంటు ఎక్కువ. స్క్రూ ప్రెస్ నెమ్మదిగా తిరిగే మర, చెరకు గానుగలాగా ఒత్తుతూ పోతుంది. ఇవన్నీ దాదాపు 15 నుంచి 25 శాతం దాకా తీసుకువెళతాయి, గుడ్డలు తొడిగిన ఫలకల మధ్య బురదను నొక్కే ఫిల్టర్ ప్రెస్ అంతకు మించగలదు కానీ విడతలు విడతలుగా నడుస్తుంది.

యంత్రాన్ని పరీక్షించేటప్పుడు కేక్‌ను చేత్తో నొక్కి చూసి మెచ్చుకోవడం చాలామందికి అలవాటు. నువ్వు మాత్రం రెండో వైపు వచ్చే నీటిని చూడు. అది నల్లగా వస్తున్నదంటే పట్టుకోవలసిన ఘనపదార్థం మళ్ళీ శుద్ధి కేంద్రం మొదటికే వెళుతున్నది. అదే మురికి అలా చక్రంలా తిరుగుతూ కొన్ని వారాలలో మొత్తం కేంద్రాన్ని దెబ్బతీస్తుంది. బురదలోని ఘనపదార్థంలో 95 శాతమైనా కేక్‌లోకి రావాలి. ఆ నీటిలో అమ్మోనియా, భాస్వరం కూడా ఎక్కువగా ఉంటాయి కనుక దానిని మొదటికి పంపేటప్పుడు ఒకేసారి కాక రోజంతా కొద్దికొద్దిగా వదలడం మేలు.

ప్రశ్న: యంత్రాలు, రసాయనాలు, కరెంటు అంటూ ఇంత ఖర్చు దేనికి? హైదరాబాదు ఎండకు పరిచి ఆరబెడితే చాలదా?
– ఒక పాఠకుడు, ఘట్‌కేసర్

జవాబు: చిన్న కేంద్రాలకు, స్థలం ఉన్నచోట, చాలుతుంది. కంకర మీద ఇసుక పరిచిన మడులలో జానెడు మందాన బురదను పోస్తే మొదటి ఒకటి రెండు రోజులలో చాలా నీరు ఇసుకలోకి దిగుతుంది, తక్కినది ఎండకు ఆరి, రెండు వారాలలో నెర్రెలు విచ్చి పారతో ఎత్తడానికి వస్తుంది. కానీ జూన్ నుంచి సెప్టెంబరు దాకా పైకప్పు లేని మడులు పనిచేయవు, పెద్ద కేంద్రానికి కావలసిన ఎకరాలు నగరంలో దొరకవు, పచ్చి బురదను పరిస్తే ఈగలు, వాసన చుట్టుపక్కల ఇళ్ళవారిని నిలవనివ్వవు.

ఇందులో తెలుసుకోవలసిన తేడా ఒకటి ఉంది. 339 ఎంఎల్‌డీ సామర్థ్యం గల అంబర్‌పేట కేంద్రం గాలి లేని చోట పెరిగే సూక్ష్మజీవులతో శుద్ధి చేసే యూఏఎస్‌బీ పద్ధతిలో కట్టినది. అందులో బురద తొట్టిలోనే చాలా రోజులు ఉండి జీర్ణమైపోతుంది కనుక పరిమాణం తక్కువ, వాసన తక్కువ, మడులలో త్వరగా ఆరుతుంది, పైగా మీథేన్ వాయువు వస్తుంది. కొత్త కేంద్రాలలో ప్రధానంగా ఎంచుకున్న ఎస్‌బీఆర్ పద్ధతి, అంటే ఒకే తొట్టిలో విడతలుగా గాలి ఊది, తరువాత బురదను దిగనిచ్చే పద్ధతి, నీటిని ఎంతో మెరుగ్గా శుద్ధి చేస్తుంది, కానీ అందులో వచ్చే బురద ఎక్కువ, పిండడం కష్టం. నీటి నాణ్యత కోసం ఆ మార్గం ఎంచుకోవడం సరైనదే. అయితే అంత బురదను 35 డిగ్రీల దగ్గర మూడు వారాల పాటు మూసిన తొట్టెలలో జీర్ణం చేయించే ఏర్పాటు పెద్ద కేంద్రాల వద్దనైనా ఉంటే, కుళ్ళే పదార్థం దాదాపు సగం తగ్గి, కరెంటు ఖర్చులో కొంత గ్యాస్ రూపంలో తిరిగి వస్తుందని నా గట్టి అభిప్రాయం.

ఖర్చు మాట అడిగారు కనుక, ఒక టన్ను నీటిని వేడిచేసి ఆవిరిగా పంపడానికి 600 యూనిట్లకు పైగా శక్తి కావాలి. సెంట్రిఫ్యూజ్‌లో ఒక టన్ను బురదను తిప్పడానికి ఒకటి రెండు యూనిట్లు చాలు. పిండగలిగినంత పిండి, మిగిలినది మాత్రమే ఎండకు వదలడం ఈ ఊరికి తగిన దారి.

ప్రశ్న: మా సముదాయంలో వెయ్యికి పైగా ఇళ్ళు ఉన్నాయి. మా మురుగునీటి శుద్ధి కేంద్రం (ఎస్టీపీ)లోని ఫిల్టర్ ప్రెస్ నుంచి కేక్ జారుడుగా, గుడ్డకు అంటుకుని వస్తున్నది. ఏడాదిలో పాలిమర్ ఖర్చు రెట్టింపయింది. కొత్త యంత్రం కొనమని నిర్వహణ సంస్థ సలహా ఇస్తున్నది. కొనాలా?
– నివాసుల సంఘం కార్యదర్శి, కొండాపూర్

జవాబు: కార్యదర్శి గారూ, ఇప్పుడే కొనవద్దు. కారణం యంత్రంలో ఉండే అవకాశం తక్కువ, ఈ కింది విషయాలు ఒక్కొక్కటిగా చూడండి.

మొదట, బురద నిల్వ తొట్టిలో ఎన్ని రోజులు ఉంటున్నదో అడగండి. చాలా సముదాయాలలో వారానికి ఒక్కసారే ప్రెస్ నడుపుతారు. గాలి లేకుండా వారం రోజులు నిలిచిన జీవ బురద కుళ్ళి, సన్నని రేణువులుగా చితికిపోతుంది. దానికి రెట్టింపు పాలిమర్ పోసినా సరిగా గుంపు కట్టదు. నేను పనిచేసిన ఒక కేంద్రంలో ఇదే పొరపాటు మేమే చేశాము. ఆదివారం సెలవు, సోమవారం మరమ్మతు అంటూ మూడు నాలుగు రోజులు నిలవబెట్టిన బురదకు ప్రతి వారం మోతాదు పెంచుకుంటూ పోయి, చివరకు ప్రతిరోజూ రెండు గంటలు నడపడం మొదలుపెట్టిన పది రోజులకే పాత మోతాదుకు తిరిగివచ్చాము. తొట్టిలో కొద్దిగా గాలి ఊదే ఏర్పాటు ఉంటే అది నడుస్తున్నదో లేదో కూడా చూడండి.

రెండవది, పాలిమర్‌ను ఏ నీటిలో కరిగిస్తున్నారు? బోరునీరు అయితే అదే కారణం కావచ్చు. కాఠిన్యం ఎక్కువగా ఉన్న నీటిలో పాలిమర్ గొలుసులు పూర్తిగా విచ్చుకోక ముడుచుకుని ఉంటాయి, అందువల్ల మందు ఎక్కువ పడుతుంది. ఒక వారం మంజీరా లేదా కృష్ణా నీటితో కలిపి చూడండి, తేడా మీకే తెలుస్తుంది. ఆ కాఠిన్యమే గుడ్డ మీద తెల్లని పొరగా పేరుకుని కన్నాలను మూస్తుంది కనుక, తయారీదారు సూచించిన పలుచని ఆమ్లంతో గుడ్డలను అప్పుడప్పుడు కడిగించండి. ఒత్తిడిని మొదటి నిమిషంలోనే పూర్తిగా పెంచకుండా నెమ్మదిగా పెంచమని చెప్పండి, లేకపోతే మొదటి పొరే గట్టిపడి లోపలి నీటికి దారి మూసివేస్తుంది.

మూడవది నాకు అన్నిటికన్న ముఖ్యమైనది. రోజూ ఎంత బురద తీస్తున్నారో రిజిస్టరు చూపించమనండి. గాలి ఊదే తొట్టి నీటిని ఒక లీటరు కొలపాత్రలో పోసి అరగంట కదపకుండా ఉంచితే, అడుగున దిగిన బురద సాధారణంగా 250 నుంచి 400 మిల్లీలీటర్ల మధ్య ఉండాలి. 700 దాటుతున్నదంటే తొట్టిలో బురద పేరుకుపోతున్నట్టో, సరిగా దిగని రకంగా మారినట్టో అర్థం. ఎంబీబీఆర్ పద్ధతిలో సూక్ష్మజీవులు ప్లాస్టిక్ బిళ్ళల మీద పెరుగుతాయి కనుక ఈ కొలత దానికి వర్తించదు. ఖర్చు తగ్గించుకోవడానికి బురద తీయడమే మానివేసిన కేంద్రాలను నేను చూశాను. అక్కడ ఆ బురద శుద్ధి అయిన నీటితో కలిసి మీ మరుగుదొడ్ల ఫ్లష్ తొట్టెలకు, తోటకు చేరుతుంది. ఏడాది పొడవునా కేక్ బయటకు పోని ఎస్టీపీ శుద్ధి చేస్తున్నదంటే నమ్మవద్దు.

ప్రశ్న: ఆరిన బురదను ఎరువుగా ఇస్తారని విన్నాను. నా కూరగాయల మడికి వేసుకోవచ్చునా?
– ఒక రైతు, మేడ్చల్

జవాబు: ఆకుకూరలకు, పచ్చిగా తినే కూరగాయలకు, నేలలో ఊరే దుంపలకు నేరుగా వేయవద్దు. బురదలో నత్రజని, భాస్వరం, సేంద్రియ కర్బనం మంచి పాళ్ళలో ఉన్న మాట నిజం, అమెరికాలోని మిల్వాకీ నగరం 1926 నుంచి ఆరబెట్టిన బురదను ఎరువుగా అమ్ముతున్నది. అయితే ఆరినంత మాత్రాన అది నిరపాయకరం కాదు. ఏలికపాముల గుడ్లు ఎండిన మట్టిలో కూడా నెలల తరబడి బతికి ఉంటాయి. వాటిని చంపాలంటే రంపపు పొట్టు, వరిపొట్టు వంటివి కలిపి కుప్పగా వేసి, లోపల 55 డిగ్రీల వేడి 15 రోజుల పాటు నిలిచేటట్టు, ఆ కాలంలో కనీసం అయిదుసార్లు తిరగవేయాలి. లేదా సున్నం కలిపి క్షారతను పెంచాలి.

రెండో ప్రమాదం భారలోహాలు. బాలానగర్, జీడిమెట్ల, పటాన్‌చెరు వంటి పారిశ్రామికవాడలున్న నగరంలో, లోహాలకు పూత పూసే ఒక చిన్న పరిశ్రమ తన వ్యర్థజలాన్ని రహస్యంగా మురుగు కాలువలోకి వదిలినా, ఆ లోహం నీటిలో ఉండక బురదకే అంటుకుంటుంది, కుళ్ళబెట్టినా పోదు. మన ఎరువుల నియంత్రణ ఉత్తర్వు నగర కంపోస్టుకు కిలోకు కాడ్మియం 5, సీసం 100, క్రోమియం 50, నికెల్ 50 మిల్లీగ్రాముల చొప్పున గరిష్ఠ పరిమితి పెట్టింది. మీకు బురద ఇచ్చేవారిని ఆ లోడుకు సంబంధించిన పరీక్ష నివేదిక అడగండి. చూపితే పూల తోటకు, కలప చెట్లకు, దుక్కికి ముందు మెట్ట పొలానికి వేసుకోండి. చూపకపోతే ఉచితంగా ఇచ్చినా తీసుకోవద్దు.

ప్రశ్న: మా వారు ఒక ఎస్టీపీలో హెల్పరుగా పనిచేస్తున్నారు. బురద తొట్టి మూసుకుపోయినప్పుడు లోపలికి దిగి కర్రతో కదపమంటున్నారట. వాసన పెద్దగా లేదు, భయం లేదు అని ఆయన అంటున్నారు. నాకు భయంగా ఉంది.
– ఒక గృహిణి, ఉప్పల్

జవాబు: అమ్మా, మీ భయమే సరైనది. నిలిచిన బురదలో పుట్టే హైడ్రోజన్ సల్ఫైడ్ కొద్దిగా ఉన్నప్పుడు కుళ్ళిన గుడ్ల వాసన వేస్తుంది, కానీ పది లక్షల పాళ్ళలో 100 పాళ్ళు దాటేసరికి ముక్కు ఆ వాసనను పట్టలేకపోతుంది. వాసన లేదనుకున్న చోటే ప్రాణాపాయం ఉండవచ్చు. అది గాలికన్న బరువు కనుక అడుగున పేరుకుంటుంది, పైనుంచి చూస్తే ఏమీ తెలియదు, కర్రతో కదిపినప్పుడు బురదలో చిక్కుకున్న వాయువు ఒక్కసారిగా పైకి లేస్తుంది. 500 పాళ్ళు దాటితే మనిషి నిమిషాలలో కుప్పకూలిపోతాడు.

రక్షణ సామగ్రి, ముందుజాగ్రత్తలు లేకుండా మనిషిని మురుగు కాలువలోకి, సెప్టిక్ ట్యాంకులోకి దింపడాన్ని 2013 నాటి చట్టం నిషేధించింది. బురద తొట్టిలో ఉన్నదీ అదే విషవాయువు. మూసుకుపోయిన తొట్టిని బయటి నుంచే నీటి ఒత్తిడితో, పీల్చే యంత్రంతో శుభ్రం చేయవచ్చు, ఆ యంత్రాలు హైదరాబాదులో అద్దెకు దొరుకుతాయి. మీ వారిని ఎవరు ఆజ్ఞాపించినా దిగవద్దని చెప్పండి. లోపల తోటి పనివాడు పడిపోయి కనిపించినా, గాలి సిలిండరు, నడుముకు తాడు, పైన లాగే మనుషులు లేకుండా అతని వెనుక దిగవద్దని మరీ మరీ చెప్పండి. ఇటువంటి ప్రమాదాలలో మొదటివాడిని కాపాడబోయి రెండవవాడు, మూడవవాడు చనిపోవడం మళ్ళీ మళ్ళీ జరుగుతున్నది. ఈ జవాబు ఉన్న పేజీని చింపి, ఆయన పనిచేసే చోట మేనేజరు గారి చేతికి ఇవ్వమనండి.